కోనసీమ తీర యాత్ర (అమలాపురం నుంచి ఒక్కరోజు)

అమలాపురం నుంచి తెల్లవారకుండా బయలుదేరి, గోదావరి పాయలు సముద్రంలో కలిసే చోట్లలో ఒకటి రెండింటిని చూసి, దారిలోని గుళ్లూ రేవులూ తిరిగి, రాత్రికి ఇల్లు చేరే ప్రయాణాన్ని కోనసీమ తీర యాత్ర అనవచ్చు. పది పన్నెండు మంది కలిసి ఒక వ్యాను మాట్లాడుకుని, దారి తెలిసిన మనిషిని వెంట తీసుకెళ్లడం దీనికి అనువైన పద్ధతి. అమలాపురం 2022 ఏప్రిల్ 4న ఏర్పడిన కోనసీమ జిల్లాకు కేంద్రం. ఆ తర్వాత జిల్లా పేరు డాక్టర్ బి.ఆర్. అంబేద్కర్ కోనసీమగా మారింది. పటంలో అంతర్వేది నుంచి భైరవపాలెం దాకా తీరం ఒకే గీతలా కనిపిస్తుంది గానీ, ఆ గీత వెంట సాగే రోడ్డు లేదు. యాత్ర ఎలా నడవాలన్నది ఈ ఒక్క సంగతి మీదే ఆధారపడి ఉంది.

నేల తీరు

ధవళేశ్వరం దగ్గర గోదావరి గౌతమిగా, వశిష్ఠగా చీలుతుంది. ఆ రెండు పాయల నడుమ సముద్రం దాకా పరుచుకున్న ఒండ్రు నేల కోనసీమ. వశిష్ఠ నుంచి వైనతేయ విడివడి ఈ నేలను మళ్లీ రెండు చేస్తుంది. దానికి తూర్పున అమలాపురం, పడమట రాజోలు ఉన్నాయి. ప్రతి పాయా సముద్రంలో పడే మొగ దగ్గర తీరం తెగిపోతుంది. ఓడలరేవు ఇసుకలో నిలబడితే వైనతేయ అవతల కరవాక వైపు గట్టు కంటికి ఆనుతుంది. వ్యానులో అక్కడికి పోవాలంటే మాత్రం వెనక్కి బోడసకుర్రు దాకా వచ్చి, వంతెన దాటి, పాశర్లపూడి మీదుగా మళ్లీ సముద్రం వైపు దిగాలి.

ఇక్కడి దారులను దువ్వెనతో పోల్చవచ్చు. కాకినాడ వైపు నుంచి యానాం, ముమ్మిడివరం, అమలాపురం, రాజోలు మీదుగా సాగే 216వ నంబరు జాతీయ రహదారి దాని వెన్ను. దాన్నుంచి సముద్రం వైపు దిగే ఊరి రోడ్లు పళ్లు. ఒక పన్ను కొసకు పోయి, వెన్ను మీదికి వచ్చి, రెండో పన్ను పట్టుకోవాలి. దూరాలు చూస్తే చిన్నవే. కాలవగట్ల మీద ఎదురుగా కొబ్బరికాయల లారీ వస్తే తప్పుకోవడానికి చోటుండదు కాబట్టి, గంటలే ఎక్కువ పడతాయి.

తీర యాత్రలకు పేరుపడ్డ దేశాలతో పోలిస్తే తేడా తెలుస్తుంది. బ్రిటన్‌లోని వేల్స్‌లో 2012 మే 5న ప్రారంభమైన తీర కాలిబాట సుమారు 1,400 కిలోమీటర్ల పొడవున ఆ దేశపు అంచు వెంబడి సాగుతుంది. అందులో పెంబ్రోక్‌షైర్ తీరం 1952 నుంచే జాతీయ ఉద్యానం. కార్డిఫ్ వంటి ఊళ్ల నుంచి చిన్న వ్యాన్లలో కొద్దిమందిని ఎక్కించుకుని, డ్రైవరే కబుర్లు చెబుతూ ఒక్కరోజులో తిప్పుకొచ్చే యాత్రలు అక్కడ మామూలే. అక్కడిది రాతి చరియల తీరం. నిరుడు చూసిన చోటు ఈ ఏడూ ఉంటుంది. గోదావరి మొగల దగ్గర ఆ భరోసా లేదు. ఒక వరద ఇసుక మేట వేస్తుంది, తర్వాతి తుఫాను దాన్ని కోసుకుపోతుంది. కిందటి ఏడు నడిచి వెళ్లిన తిన్నె ఈ ఏడు నీళ్లలో ఉండవచ్చు. స్థానికుడు వెంట ఉండాలనేది అందుకే.

పాత యాత్ర

ఈ తీరం వెంబడి గుంపుగా తిరగడం టూరిజం తెచ్చిన అలవాటు కాదు. గోదావరి ఏడు పాయలుగా సాగరంలో కలుస్తుందనీ, ఒక్కో పాయను ఒక్కో ఋషి తీసుకెళ్లాడనీ నమ్మకం. తుల్యభాగ, ఆత్రేయ, భారద్వాజ, గౌతమి, వృద్ధగౌతమి, కౌశిక, వశిష్ఠ అన్నవి ఆ ఏడు. ఏడు సంగమాల్లోనూ మునగడమే సప్తసాగర యాత్ర. పుష్య బహుళ అమావాస్య నాడు కాకినాడ దగ్గరి చొల్లంగిలో మొదటి స్నానం, మాఘ శుద్ధ ఏకాదశికి అంతర్వేదిలో చివరి స్నానం. ఆ ఏకాదశినే భీష్మ ఏకాదశి అంటారు. అంటే పదకొండు రోజుల ప్రయాణం. కాలినడకన, పడవల మీద, పాయ తర్వాత పాయ దాటుతూ పోయేవారు. సంతానం కోరి వెళ్లేవారు ఎక్కువ. 1907 నాటి గోదావరి జిల్లా గెజిటీరులోనూ దీని ప్రస్తావన ఉంది. ఇప్పటి వారికి అడ్డంగా కనిపించే పాయలే ఆనాటి వారికి గమ్యాలు. వైనతేయ మాత్రం ఈ ఏడింటిలో లేదు. గరుత్మంతుడి పేరు మోస్తున్న ఆ పాయ ఋషుల వరుసలో చేరలేదు.

కార్తీక మాసంలో సముద్రపు ఒడ్డు తోటల్లో జరిగే సమారాధనలు ఇంకో మూలం. కులసంఘాలు, ఆఫీసు ఉద్యోగులు, పాత విద్యార్థులు వ్యాన్లు కట్టించుకుని, వంటవాణ్ని కూడా వెంటేసుకుని పోతారు. ఇప్పటి ఒక్కరోజు యాత్రకు ఆకారం ఇచ్చింది నిజానికి ఈ సమారాధనలే.

పడమటి దారి

అమలాపురం నుంచి ఒక్కరోజులో తీరం చూడాలంటే పడమటి దారే మేలు. మొదటి మజిలీ అల్లవరం మండలంలోని ఓడలరేవు. కోనసీమ తీరం ఆగ్నేయానికి తిరిగి ఉంటుంది కాబట్టి పొద్దు నీళ్లలోంచి లేస్తుంది. ఆ వేళకు చేరాలంటే చీకటితోనే కదలాలి. ఒక పక్క వైనతేయ మొగ, ఇంకో పక్క సరుగుడు తోటలు, వెనకాల ఓఎన్‌జీసీ టెర్మినల్ దీపాలు. సముద్రగర్భం నుంచి వచ్చే గ్యాసును ఒడ్డున అందుకునే కేంద్రం అది. ఫొటోల్లో దాన్ని తప్పించాలని చాలామంది తంటాలు పడతారు. నిజానికి ఈ తీరం కథలో సగం అక్కడే ఉంది.

ఓడలరేవు నుంచి వెనక్కి వచ్చి బోడసకుర్రు వంతెన ఎక్కితే వైనతేయ దాటినట్టే. ఈ వంతెన లేని రోజుల్లో పడవ కట్టించుకోవాలి, లేదా అంబాజీపేట, పి.గన్నవరం చుట్టి రావాలి. వీలుంటే ఇప్పటికీ వెళ్లేటప్పుడో వచ్చేటప్పుడో ఆ చుట్టుదారి పట్టడం మంచిది, గన్నవరం అక్విడక్టు కోసం. 1852లో పూర్తయిన ధవళేశ్వరం ఆనకట్ట నీటిని వైనతేయ మీదుగా అవతలి లంకకు అందించడానికి సర్ ఆర్థర్ కాటన్ హయాంలో లెఫ్టినెంట్ హేగ్ కట్టించిన నీటి వంతెన ఇది. ఒక్కొక్కటి 40 అడుగుల వెడల్పున్న 49 కమానుల మీద కాలవ నది దాటుతుంది. కింద నది, పైన కాలవ. పక్కనే కట్టిన కొత్త అక్విడక్టుకు డొక్కా సీతమ్మ పేరు పెట్టారు. ఏ వేళ ఎవరొచ్చినా అన్నం పెట్టి పంపిన ఆ ఇల్లాలిది ఇక్కడి లంకల గన్నవరమే. ఆమె 1909లో కన్నుమూసింది.

వైనతేయ పడమటి ఒడ్డున మామిడికుదురు మండలంలో అప్పనపల్లి బాలబాలాజీ ఆలయం ఉంది. కొబ్బరి వ్యాపారి మొల్లేటి రామస్వామి కృషితో వెలసిన గుడి ఇది. పాతకాలపు శాసనాలేవీ లేకుండానే పేరు తెచ్చుకుంది. ఏటిగట్టు మెట్ల మీద కూర్చుంటే పడవలు కనిపిస్తాయి. మధ్యాహ్నం అన్నప్రసాదం దొరుకుతుంది. అదే మండలంలోని ఆదుర్రులో బౌద్ధ స్తూపం అవశేషాలు కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్నాయి. చక్రంలా పేర్చిన ఇటుకల పునాది తప్ప పైకి ఏమీ లేదు. చెప్పేవాళ్లు లేకపోతే అయిదు నిమిషాల్లో వెనక్కి తిరుగుతారు. నదీముఖం దగ్గర, ఓడలు వచ్చిపోయే దారిలో స్తూపం ఎందుకు కట్టారో ఎవరైనా విడమరచి చెబితే అరగంట చాలదు. గైడు విలువ తెలిసేది ఇలాంటి చోటే.

రాజోలు దాటాక వశిష్ఠ ఒడ్డున దిండి వస్తుంది. పర్యాటక శాఖ రిసార్టు, పడవ ఇళ్లు అక్కడ ఉన్నాయి. రాత్రి బస చేసేవారికి సరిపోయే చోటు అది. ఒక్కరోజు యాత్రలో దిండికి రెండు గంటలు ఇస్తే అంతర్వేదికి వెలుగు మిగలదు.

అంతర్వేది ఈ దారికి కొస. వశిష్ఠ సముద్రంలో కలిసే చోట, సఖినేటిపల్లి మండలంలో ఉంది. లక్ష్మీనరసింహస్వామి ఆలయం పడమటి ముఖంగా ఉంటుంది. మాఘ శుద్ధ దశమి రాత్రి కల్యాణం, మర్నాడు రథోత్సవం. పాత రథం 2020 సెప్టెంబరులో కాలిపోయింది. 2021 ఉత్సవానికల్లా కొత్త రథం సిద్ధమైంది. గుడి దాటి ముందుకు పోతే గుర్రాలక్క గుడి, లైట్‌హౌస్, ఆ తర్వాత అన్నాచెల్లెళ్ల గట్టు. ఏటి నీరు, సముద్రపు నీరు వేరు వేరు రంగుల్లో కలిసీ కలవనట్టు కనిపించేది అక్కడే. వరద రోజుల్లో ఆ తేడా కొట్టొచ్చినట్టు తెలుస్తుంది, ఎండాకాలంలో వెతుక్కోవాలి. నది పడమట, సముద్రం ఆగ్నేయాన ఉండడం వల్ల ఈ ఒక్క ఊళ్లోనే పొద్దు కడలిలోంచి లేచి ఏటిలో కుంగడం చూడవచ్చు. దశమి, ఏకాదశుల్లో మాత్రం తీరం చూడాలనుకునేవారు ఇటు రాకపోవడం మంచిది. ఆ రెండు రోజులూ ఊరు తీర్థానిదే.

తిరుగు ప్రయాణంలో వీలైతే సఖినేటిపల్లి రేవు దగ్గర ఆగి పంటు చూడాలి. మోటారు సైకిళ్లనూ కార్లనూ మనుషులతో పాటు ఎక్కించుకుని అవతలి నరసాపురం చేర్చే బల్లకట్టు అది. కోనసీమలో నది దాటడం ఎలా ఉండేదో వంతెనల కాలంలో పుట్టినవారికి చూపించడానికి ఇంతకన్నా మంచి తావు లేదు.

తూర్పు దారి

ఉప్పలగుప్తం మండలంలోని ఎస్.యానాం బీచి, ముమ్మిడివరం, ఎదుర్లంక, యానాం ఈ దారిలో వస్తాయి. ఎదుర్లంక, యానాంల మధ్య గౌతమి మీది వంతెనకు లోక్‌సభ స్పీకరుగా ఉండగా 2002 మార్చి 3న హెలికాప్టర్ ప్రమాదంలో మరణించిన జి.ఎం.సి. బాలయోగి పేరు పెట్టారు. యానాం 1954 దాకా ఫ్రెంచి పాలనలో ఉండి, ఇప్పుడు పుదుచ్చేరిలో భాగమైంది. ఇంకా ముందుకు పోతే కోరంగి మడ అడవులు. 1978లో అభయారణ్యంగా ప్రకటించిన ఈ అడవిలో చెక్కబాట మీద నడవవచ్చు. కోరంగిని యానాంతో కలిపి వేరే రోజు పెట్టుకోవాలి. ఓడలరేవు, అంతర్వేది, కోరంగి ఒకే రోజులో చూపిస్తామని ఎవరైనా చెబితే, ఆ రోజు చూసేది ఎక్కువగా వ్యాను కిటికీనే.

మనుషులు, బండి

పన్నెండు నుంచి పదిహేడు సీట్ల టెంపో ట్రావెలర్ ఈ రోడ్లకు సరిపోతుంది. పెద్ద బస్సు జాతీయ రహదారి మీద బాగానే పోతుంది గానీ గట్టురోడ్డు మలుపుల్లో చిక్కుకుంటుంది. పదిమందైతే కొబ్బరితోట వాకిట్లో ఆగి, దింపు తీసేవాళ్లతో నాలుగు మాటలాడి, బొండాలు తాగి కదలవచ్చు. యాభైమంది దిగితే అది సంత.

గైడుగా వచ్చేది చాలాసార్లు వ్యాను డ్రైవరే. అడిగినదానికల్లా “ఆయ్” అంటూ గుళ్ల స్థలపురాణాలు గడగడా చెప్పేస్తాడు. లోటు మిగతావాటిలో వస్తుంది. పోటు ఎన్నింటికో, ఏ రేవులో పంటు ఆగిపోయిందో, ఏ గుడి మధ్యాహ్నం తలుపు మూస్తుందో ముందురోజే ఫోను చేసి కనుక్కునే అలవాటున్నవాణ్ని ఎంచుకోవాలి. మొగల దగ్గర పోటు పాట్లు తెలిసినవారు ఒడ్డున వేటకు వెళ్లే మత్స్యకారులు. స్నానానికి దిగేముందు వారిని అడగడం తప్పనిసరి. పాటు వేళ నది నీరు సముద్రంలోకి లాగేస్తుంది. పైకి నెమ్మదిగా కనిపించే చోటే ఆ లాగుడు ఎక్కువ.

పడవ ఎక్కితే లైఫ్‌జాకెట్ వేసుకోవలసిందే. 2018 జూలై 14న ఐ.పోలవరం మండలం పశువుల్లంక దగ్గర గౌతమిలో పడవ బోల్తా పడి, బడి నుంచి ఇళ్లకు వెళుతున్న పిల్లలు గల్లంతయ్యారు. మరుసటి ఏడు సెప్టెంబరు 15న ఎగువన కచ్చులూరు దగ్గర పర్యాటకుల బోటు మునిగి పదుల సంఖ్యలో ప్రాణాలు పోయాయి. ఆ తర్వాతే పర్యాటక బోట్ల మీద నిఘా పెరిగింది. నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా ఈ యాత్రకు మంచి కాలం, నవంబరు తుఫాన్ల హెచ్చరికలు ఉంటే తప్ప. 1996 నవంబరు 6 రాత్రి తుఫాను ఈ తీరాన్ని తుడిచిపెట్టింది. కోనసీమ కొబ్బరికి ముందూ వెనకా చెప్పుకోవడానికి అదొక గుర్తు.

తిండి

సముద్రంలోని ఇలస చేప జూలై, సెప్టెంబరుల మధ్య ఎర్రనీటికి ఎదురీది గోదావరిలోకి వచ్చాక పులస అవుతుంది. ఆ నెలల్లో తప్ప హోటల్లో పులస పులుసు అని రాసి ఉంటే అనుమానించాలి. దసరా, దీపావళి రోజుల్లో యానాం వైపు దొరికే చీరమేనుకు పులసంత పేరు లేదు, రుచిలో తక్కువేం కాదు. శాకాహారులకు పనసపొట్టు కూర ఉంది. పూతరేకుల కోసం ఆత్రేయపురం దాకా పోనక్కర్లేదు, దారి పొడుగునా అమ్ముతారు.

మారుతున్న తీరం

పాశర్లపూడి దగ్గర 1995 జనవరి 8న ఓఎన్‌జీసీ బావిలో బ్లోఅవుట్ జరిగింది. ఆ మంట మార్చి నడిమి దాకా రెండు నెలలకు పైగా ఎగసింది. రాత్రిళ్లు చుట్టుపక్కల ఊళ్లకు పగటి వెలుగు. 2014 జూన్ 27న మామిడికుదురు మండలంలోని నగరం గ్రామంలో గెయిల్ గ్యాస్ పైపు పేలి ఇరవై మందికి పైగా చనిపోయారు. పడమటి దారి ఈ రెండు ఊళ్ల పరిసరాల మీదుగానే పోతుంది. యాత్రలో వీటి ఊసు ఎత్తేవారు తక్కువ.

ఎగువ ఆనకట్టల వల్ల ఒండ్రు రాక తగ్గింది, తీరం కొన్నిచోట్ల కోతకు గురవుతోంది. శంకరగుప్తం డ్రెయిన్ గుండా పోటునీరు ఎదురెక్కడంతో కేశనపల్లి పరిసరాల్లో కొబ్బరిచెట్లు మొవ్వు వాలి మోడులయ్యాయి. అంతర్వేది వెళ్లేవారు కాస్త పక్కకు తిరిగితే చూడవచ్చు.

చేరుకోవడం

అమలాపురానికి రైలు లేదు. కోటిపల్లి, నరసాపురం రైలుమార్గానికి బాలయోగి స్పీకరుగా ఉన్న రోజుల్లో శంకుస్థాపన జరిగింది. గౌతమి, వైనతేయ, వశిష్ఠ మూడింటి మీదా వంతెనలు కట్టాల్సి రావడం దాని ఆలస్యానికి ఒక కారణం. బయటి ఊళ్లవారు రాజమండ్రిలోనో, కాకినాడలోనో, పాలకొల్లులోనో రైలు దిగి రోడ్డు మీద రావాలి. అంతర్వేది ఒక్కటే చూడాలనుకునేవారికి నరసాపురం స్టేషను దగ్గర. అక్కడ రేవుకు పోయి పంటు ఎక్కితే అవతల సఖినేటిపల్లే.