చీరమరుగు వెలుగు

పదమూడవ శతాబ్దమున పాల్కురికి సోమనాథుడు పండితారాధ్య చరిత్రలోని పర్వత ప్రకరణమునందు శ్రీశైల శివరాత్రి సంబరములను వర్ణించుచు, భారతాది కథలను చీరమరుగున బొమ్మలచే ఆడించువారిని గూడ మరువక పేర్కొనెను. ఆ శ్రీశైలము మా కర్నూలు సీమ కొండలలోనిదే. ఆ మరుగునకు వలసిన చీరయో, మగ్గములను నమ్ముకొన్న మా కోడుమూరి వంటి ఊళ్లలో కొరతగల వస్తువు కాదు. తోలుబొమ్మలాటకు గ్రామము ఇచ్చినది ఒక తెల్లని వస్త్రము, ఒక రాత్రి. తక్కినదంతయు ఆటగాండ్రు తమ వెంట తెచ్చుకొన్నదే.

ఆ తెచ్చుకొన్నదేమో దగ్గరనుండి చూడవలెను. మేకతోలును నానబెట్టి, రోమములు పోవ గీకి, బిగలాగి ఆరబెట్టినచో అది పలుచనై వెలుతురును తనగుండ పోనిచ్చును. దానిపై రూపము గీసి, అవయవములను వేరువేరుగా కత్తిరించి, ఉలులతో సన్నని చిల్లులు పొడిచి, రెండువైపుల రంగులద్ది, కీళ్లకడ దారము కట్టి, నడుమ బద్ద నిలిపెదరు. సీతాదేవి కంఠమున మెరయు ముత్యములు ఆ చిల్లులలోనుండి తొంగిచూచు దీపకాంతియే. బొమ్మను తెరకు అదిమిపట్టిన రూపము స్ఫుటమగును; వెనుకకు లాగిన మసకబారి మాయమగును. హనుమంతుడు ఆకాశమున కెగయుటయు, మైరావణుడు అదృశ్యుడగుటయు ఈ జానెడు దూరములోని నేర్పే. ఆముదపు దీపముల వేడిమిలో రాత్రియెల్ల నిలుచుండి, ఒక చేత రాముని, మరొక చేత రావణుని ఆడించుచు, ఇద్దరి మాటలు తానే పలుకుచు, కాలిక్రింది చెక్కను త్రొక్కి యుద్ధఘోషము పుట్టించు ఆటగాడు చిత్రకారుడు, గాయకుడు, నటుడు, కథకుడు ఒక్కడే యైనవాడు.

ఈ విద్యను రాయలసీమయందు కాపాడినవారిలో ముఖ్యులు ఆరెవారు. ఇంట మరాఠీ సంబంధమైన మాటలాడుకొనుచు, తెరవెనుక మాత్రము అచ్చమైన తెలుగున, గోన బుద్ధారెడ్డి రంగనాథ రామాయణపు ద్విపదలను నోటికి నేర్చి పాడిన కుటుంబములు వారివి. భార్య సీతకు గొంతిచ్చును, బిడ్డలు తాళము వేయుదురు. హాస్యపు బొమ్మలైన కేతిగాడు, బంగారక్క నడుమనడుమ వచ్చి కునుకుపట్టిన పిల్లలను నవ్వించి లేపుదురు. వానలు పట్టని ఏడు విరాటపర్వము ఆడించిన మేఘము కరుగునని నమ్మిన నేల ఇది. అక్షరము రాని మెట్టరైతునకు రామాయణ భారతములు దృశ్యకావ్యములుగా లభించినది ఈ తెరమీదనే.

పిదప సినిమా వచ్చెను. ఊరి రాత్రులు డేరా టాకీసుల పాలయ్యెను. తోలుబొమ్మ ఏ తెరమీద బ్రతికెనో, ఆ తెర అను మాటయే దానిని కాదన్న సినిమా సొత్తయ్యెను. ఆటగాండ్రు అనేకులు కూలికి పోయిరి. ధర్మవరము చేరువనున్న నిమ్మలకుంటవారు అదే తోలుతో దీపపు బుడ్లకు గొడుగులను, గోడలకు అలంకార చిత్రములను చేసి జీవనము నిలుపుకొనిరి. 2008లో ఆంధ్రప్రదేశ్ తోలుబొమ్మలకు భౌగోళిక గుర్తింపు లభించినది. 2020లో నిమ్మలకుంట వృద్ధకళాకారుడు దళవాయి చలపతిరావునకు భారత ప్రభుత్వము పద్మశ్రీ నిచ్చినది. పాత్రలకు ప్రాణము పోయుటయే బ్రతుకుగా చేసికొన్న ఒక కుటుంబమునకు ఇది న్యాయమైన గౌరవము.

ఐనను దీపముమీది గొడుగు మాటలాడదు. బొమ్మను మరల ఆడించుటకు ఆ సినిమా యంత్రమే తోడ్పడగలదు. 1926లో జర్మనీ దేశీయురాలు లోటె రైనిగర్ నల్లకాగితము కత్తిరించి, కీళ్లు బిగించి, క్రిందినుండి వెలుగు పరచి, ఒక్కొక్క కదలికను కెమెరాతో పట్టి, రాకుమారుడు అహ్మదు సాహసములను పూర్తి నిడివి చిత్రముగా నిర్మించినది. నీడబొమ్మకు యంత్రము పగ కాదని, తగిన చేయి దొరికిన చుట్టమేయని ఆ చిత్రము చాటుచున్నది. మన పిల్లల కార్టూను కథలకు కూడ ఈ బొమ్మలు పనికివచ్చును. కాని అంతకుముందు వారు ఒక్కసారియైన సజీవమైన ఆటను చూచియుండవలెను గదా!

కోడుమూరి పెద్దలారా, ఉపాధ్యాయులారా! వచ్చు వేసవిలో నిమ్మలకుంటకు తాంబూలము పంపుడు. వస్త్రము మన మగ్గములకడ నున్నది. ఈయవలసినది ఒక రాత్రి మాత్రమే.