సర్వీసు రిజిస్టరులో లేని పేర్లు (యూనివర్సిటీలు - మనవాళ్లు: 6)

గత భాగంలో యూనివర్సిటీ నియామకాల్లో రోస్టర్ గురించి రాశాను. ఇప్పుడు రిటైరయ్యే రోజు సంగతి చూద్దాం.

పింఛను సర్కారు దయ కాదు, ఉద్యోగి ఆస్తి అని సుప్రీంకోర్టు 1971లోనే తేల్చింది. బీహార్ విద్యాశాఖలో పనిచేసిన దేవకీనందన్ ప్రసాద్ వేసిన కేసది. 1982 డిసెంబరు 17న నకారా కేసులో, ఫలానా తేదీకి ముందు రిటైరయ్యారని కొందరికి తక్కువ లెక్కగట్టడం సమానత్వానికి విరుద్ధమంది. ఆ ఐదుగురు జడ్జీల్లో మన తెలుగువాడు ఓ. చిన్నపరెడ్డి ఒకరు. చట్టం అండ లేకుండా పింఛను, గ్రాట్యుటీ ఆపితే రాజ్యాంగంలోని 300ఎ అధికరణాన్ని ఉల్లంఘించినట్టేనని 2013లో జార్ఖండ్ కేసులో చెప్పింది. బకాయిల కోసం కోర్టుకెక్కే యూనివర్సిటీ ఉద్యోగులకు ఈ తీర్పులే ఆధారం.

గొప్ప తీర్పులే, కాదనను. కానీ వీటిలో గెలిచినవాళ్లందరికీ సర్వీసు పుస్తకం ఉంది. "అసలు నువ్వు ఉద్యోగివేనా?" అని వాళ్లనెవరూ అడగలేదు. మనవాళ్లను అడిగే మొదటి ప్రశ్నే అది.

క్యాంపస్‌లో మరుగుదొడ్లు కడిగేదెవరు? మెస్సులో అంట్లు తోమేదెవరు? మాల, మాదిగ, రెల్లి వాడల నుంచి వచ్చినవాళ్లే ఎక్కువ. రోజుకూలీ, ఎన్‌ఎంఆర్, కాంట్రాక్టు, ఔట్‌సోర్సింగ్ అంటూ పేర్లు మార్చారు. పనీ అదే, చేసే కులాలూ అవే. నాకు తెలిసిన ఒక పెద్దమ్మ ఒక యూనివర్సిటీ హాస్టల్లో 31 ఏళ్లు ఊడ్చింది. కాంట్రాక్టర్లు మారారు గానీ ఆమె ఊడ్చే వరండా మారలేదు. చివరికి రావద్దన్నారు. లెక్క అడిగితే మా రికార్డుల్లో ఆ పేరే లేదన్నారు.

ఇలాంటివాళ్ల నోరు మూయించడానికి వాడేది 2006 ఏప్రిల్ 10 నాటి ఉమాదేవి తీర్పు. తాత్కాలికంగా చేరినవాళ్లకు పర్మినెంటు హక్కు లేదందది. మంజూరైన పోస్టుల్లో, కోర్టు స్టేల అండ లేకుండా పదేళ్లు దాటినవాళ్లను ఒక్కసారికి క్రమబద్ధం చేయమని కూడా అదే తీర్పు చెప్పింది. ఆ మాట మాత్రం అధికారుల కంటికి కనబడదు.

2024 డిసెంబరులో జగ్గో కేసు వచ్చింది. కేంద్ర జలసంఘం ఆఫీసులో ఏళ్ల తరబడి ఊడ్చి, తోటపని చేసి, ఉన్నట్టుండి తొలగింపుకు గురైన కార్మికుల కేసది. ఉమాదేవి తీర్పును ఇలాంటివాళ్ల మీద ప్రయోగించడాన్ని సుప్రీంకోర్టు తప్పుపట్టింది. వాళ్లను క్రమబద్ధం చేయమంది. పనిలేకుండా కూర్చోబెట్టిన కాలానికి జీతం ఇవ్వలేదు గానీ, దాన్ని రిటైర్మెంటు ప్రయోజనాలకు లెక్కించమంది. అది యూనివర్సిటీ కేసు కాదు. అయినా మన క్యాంపస్ కార్మికుల కథే.

1972 గ్రాట్యుటీ చట్టం కూడా నియామక పత్రం చూపించమనలేదు. షరతులు పైకి చెప్పినా, చెప్పకపోయినా కూలికి పనిచేసినవాళ్లను ఉద్యోగులుగానే చూసింది. ఐదేళ్లు ఎడతెగకుండా చేస్తే ఏడాదికి 15 రోజుల జీతం చొప్పున, 30 రోజుల్లో చెల్లించమంది.

అందుకే చెబుతున్నా. మీ అమ్మానాన్నల గేటు పాసు, పీఎఫ్ చీటీ, ఈఎస్ఐ కార్డు, బ్యాంకు పుస్తకం పారేయకండి. యూనివర్సిటీ రాయని సర్వీసును కోర్టులో రుజువు చేసేవి ఆ కాగితాలే.

జై భీమ్.

(ఇంకా ఉంది)