బీటీ వంకాయ వివాదం

మొవ్వు, కాయ తొలుచు పురుగును తట్టుకునేలా జన్యుమార్పిడి చేసిన వంగపై భారతదేశంలో సాగిన వాదం. నేలలో ఉండే బాసిల్లస్ తురింజెన్సిస్ అనే బాక్టీరియా నుంచి తీసిన క్రై1ఏసీ జన్యువును మహికో సంస్థ వంగలో ప్రవేశపెట్టింది. ఆ సంస్థ సంకర విత్తనాలను రైతులు ఏటా కొనాల్సిందే. అయితే ధార్వాడ, కోయంబత్తూరు వ్యవసాయ విశ్వవిద్యాలయాలు విత్తనం దాచుకోగల సూటి రకాలనూ రూపొందించాయి. ఈ సంగతి వాదోపవాదాల్లో తగినంతగా వినిపించలేదు.

2009 అక్టోబరు 14న కేంద్ర జన్యు ఇంజనీరింగ్ ఆమోద కమిటీ సాగుకు పచ్చజెండా ఊపింది. పురుగుమందుల వాడకం తగ్గుతుందని సమర్థకులు అన్నారు. వంగ వైవిధ్యానికి పుట్టిల్లయిన దేశంలో నాటు రకాలు కలుషితమవుతాయని వ్యతిరేకులు భయపడ్డారు. సుప్రీంకోర్టు సూచనతో కమిటీ సమావేశాలకు హాజరైన కణ, అణు జీవశాస్త్ర పరిశోధన కేంద్రం (సీసీఎంబీ) వ్యవస్థాపకుడు పుష్ప మిత్ర భార్గవ, కంపెనీ సొంత పరీక్షలు చాలవని, స్వతంత్ర పరీక్షలు కావాలని పట్టుబట్టారు. అది న్యాయమైన కోరిక.

అసలు నైతిక ప్రశ్న తినేవారి ఎంపికది. బజారులో రాశిపోసి అమ్మే వంకాయకు లేబుల్ ఎక్కడ అంటిస్తారు? బీటీ పత్తికి రాని ఈ ప్రశ్న కూరగాయకు వచ్చింది.

హైదరాబాద్‌తో సహా ఏడు నగరాల్లో ప్రజాభిప్రాయం విన్నాక, పర్యావరణ మంత్రి జైరాం రమేశ్ 2010 ఫిబ్రవరి 9న సాగును నిలిపివేశారు. బంగ్లాదేశ్ రైతులు మాత్రం 2014 నుంచి బీటీ వంకాయను పండిస్తున్నారు.