ఋద్ధులపై తథాగతుని తీర్పు

పరుల మనసులోని ఆలోచనను చదవగల వీరులు, గాలిలో ఎగిరే వీరులు నేటి చిత్రకథలలోను, తెరమీదను కోకొల్లలు. 1963లో అమెరికాలో వెలువడిన ఎక్స్-మెన్ కథలలో ప్రొఫెసర్ ఎక్స్ ఎదుటివారి చిత్తాన్ని చదువుతాడు. 1997లో దూరదర్శన్‌లో ప్రారంభమైన శక్తిమాన్ యోగసాధన చేత శక్తులు పొందుతాడు. మన పిల్లలు వీటిని కొత్త ఊహలనుకొంటారు. అయితే ఇవి పాళీ పిటకాలలో ఏనాడో ఉన్నవి. దీఘనికాయంలోని సామఞ్ఞఫల సుత్తం ధ్యానసిద్ధి పొందిన భిక్షువు ఒక్కడే అనేకులు కాగలడని, గోడలగుండా పోగలడని, నీటిపై నడువగలడని, పక్షివలె ఆకాశాన సంచరింపగలడని చెబుతున్నది. వీటిని ఋద్ధులన్నారు. వాటి వెంటనే దివ్యశ్రోత్రం, పరచిత్తజ్ఞానం మొదలైనవి వరుసగా వస్తాయి.

కనుకనే ధమ్మం స్వీకరించిన మనకు ఒక ప్రశ్న తరచు ఎదురవుతున్నది. "మీ బుద్ధుడు హేతువును బోధించాడంటారు, మరి మీ గ్రంథాలలో ఈ మహిమలేమిటి?" ఈ ప్రశ్నను దాటవేయవలసిన పని లేదు. ఆ గ్రంథాలలో మహిమలు ఉన్న మాట నిజం. ఆ మహిమలకు భగవానుడు ఏ స్థానం ఇచ్చాడన్నది కూడ ఆ గ్రంథాలలోనే ఉన్నది. దానిని మనం శ్రద్ధగా చదవాలి.

నాలందాలోని పావారిక ఆమ్రవనంలో కేవట్టుడనే గృహపతి పుత్రుడు భగవానుని దర్శించి ఒక కోరిక కోరాడు. ఒక భిక్షువు చేత మహిమ చూపిస్తే నాలందా ప్రజలకు ధమ్మంపై విశ్వాసం పెరుగుతుందన్నాడు. భగవానుడు నిరాకరించాడు. భిక్షువు ఆకాశాన ఎగిరితే, నమ్మనివాడు అది గాంధారీ విద్య అంటాడు. భిక్షువు పరుల మనసు చెబితే, అది మణికా విద్య అంటాడు. ఈ దోషాన్ని చూచి ఆ రెంటిపట్ల తాను ఏవగింపు చెందుతానన్నాడు. మూడవ అద్భుతం ఒకటి ఉన్నదని, అది అనుశాసనమని, అనగా "ఇట్లా ఆలోచించు, ఇట్లా ఆలోచించకు, దీనిని విడువు, దీనిని సాధించు" అని మనిషికి దారి చూపే బోధ అని వివరించాడు.

రాజగృహంలో ఒక శ్రేష్ఠి చందనపు పాత్రను చేయించి, వెదురు గడల చివర ఎత్తున నిలిపాడు. ఋద్ధి గల అర్హంతుడు ఎవరైనా దానిని తీసుకోవచ్చునన్నాడు. పిండోల భారద్వాజుడు గాలిలోకి లేచి, పాత్రను అందుకొని, నగరం చుట్టూ మూడుసార్లు తిరిగాడు. జనం కేకలు వేస్తూ వెంటపడ్డారు. భగవానుడు అతనిని అభినందించలేదు. తుచ్ఛమైన కర్రపాత్ర కోసం గృహస్థుల ఎదుట ఋద్ధిని ప్రదర్శించినందుకు మందలించాడు. పాత్రను ముక్కలు చేయించి, నూరి కాటుకలో కలుపుకొమ్మని భిక్షువులకు ఇప్పించాడు. గృహస్థుల ముందు ఋద్ధి ప్రదర్శన దోషమని నియమం చేశాడు.

ఈ కఠినత్వానికి కారణమేమిటో వినయ పిటకంలోని మరొక వృత్తాంతం తెలుపుతున్నది. వజ్జి దేశంలో కరువు వచ్చింది. వగ్గుముదా నదీతీరాన వర్షావాసం చేసిన కొందరు భిక్షువులు, "ఈయన అభిజ్ఞలు పొందినవాడు, ఆయన అర్హంతుడు" అని ఒకరినొకరు గృహస్థుల వద్ద పొగుడుకొన్నారు. ప్రజలు తాము తినక, తల్లిదండ్రులకు, ఆలుబిడ్డలకు పెట్టక ఆ అన్నం వీరికి పెట్టారు. వర్షావాసం ముగిసి అందరు వైశాలికి చేరినప్పుడు తక్కిన భిక్షువులు ఎముకల గూళ్లవలె ఉండగా, వీరు మాత్రం పుష్టిగా ఉన్నారు. లేని సిద్ధిని ఉన్నదని చెప్పుకొనేవాడు దొంగలలోకెల్ల పెద్ద దొంగ అని, అతడు దేశం పెట్టిన కూటిని దొంగిలించి తిన్నవాడని భగవానుడు అన్నాడు. తెలిసి చేసిన అట్టి అబద్ధం నాలుగవ పారాజికం అయింది. దానికి శిక్ష సంఘం నుండి శాశ్వత బహిష్కారం. నిజంగా సిద్ధి పొందినవాడు సైతం దానిని గృహస్థులకు చెప్పుకోరాదన్నారు.

ఋద్ధి విముక్తికి అవసరమా అన్న సందేహానికి సుసీమ సుత్తం సమాధానం. విముక్తులమని ప్రకటించిన భిక్షువులను సుసీముడు ప్రశ్నించాడు. తమకు ఎగరడం రాదని, పరుల మనసు తెలియదని, తాము ప్రజ్ఞచేత విముక్తులమని వారు చెప్పారు. ఋద్ధిలో అగ్రగణ్యుడైన మొగ్గల్లానుడు దొంగల దెబ్బలకు మరణించాడని సంప్రదాయం. ఋద్ధులు సంపాదించి అజాతశత్రువును ఆకట్టుకొన్న దేవదత్తుడు సంఘనాయకత్వాన్ని ఆశించి, చివరకు భగవానుని ప్రాణానికే ఎగబడ్డాడు.

ఆ దేవదత్తుని పన్నాగమే నాలగిరి ఏనుగు. ఆ ఘట్టాన్ని చెక్కిన అమరావతి శిల్పం ఇప్పుడు చెన్నై ప్రభుత్వ మ్యూజియంలో ఉన్నది. ఒకే వలయంలో ఒకవైపు మదించిన ఏనుగు, బెదిరిన జనం. మరొకవైపు మోకరిల్లిన అదే ఏనుగు. భగవానుడు దానిని మైత్రీచిత్తంతో వశపరచినట్లు వినయ పిటకం చెబుతున్నది. మన కృష్ణాతీరపు శిల్పి చిరస్మరణీయం చేసిన బలం ఆ మైత్రియే.

బాబాసాహెబ్ అంబేడ్కర్ 1956 అక్టోబరు 14న నాగపూరులో లక్షలాది ప్రజలతో ధమ్మదీక్ష స్వీకరించారు. మరుసటి యేడు ప్రచురితమైన 'బుద్ధుడు, ఆయన ధమ్మం' గ్రంథంలో, మానవాతీత శక్తులపై నమ్మకాన్ని ధమ్మం కానివాటిలో చేర్చారు. ఇది ఆధునికుల సవరణ మాత్రమేనని విమర్శించేవారు వినయ పిటకాన్ని ఒకసారి తెరచి చూడాలి.

మనసులోని మాట చెబుతామని, మహిమతో రోగం మాన్పుతామని పేదల ఇండ్లకు వచ్చే బాబాలు నేటికీ ఉన్నారు. వారి చేతిలోకి పోయే ప్రతి రూపాయి ఏదో ఒక బిడ్డ పలక నుండి, ఏదో ఒక తల్లి మందుచీటీ నుండి తగ్గిన రూపాయి. వగ్గుముదా తీరాన జరిగినదీ అదే. అటువంటివారు గడప ఎక్కినప్పుడు వజ్జి దేశపు ఆ కరువును తలచుకొందాం. పిల్లలు వీరుల కథలు అడిగితే తప్పక చెబుదాం. చందనపాత్ర కథను, అది కాటుకైన తీరును కూడ చెబుదాం.