వేషానికి తగిన మనిషి

సినిమాకెళ్తే తారల్ని చూసి మురిసిపోతాం. ఈ వేషానికి ఈ మనిషే తగునని ముందుగా కనిపెట్టిందెవరో ఆలోచించం. ఇప్పుడు ఆ పనికి కాస్టింగ్ డైరెక్టరని వేరే ఒకరుంటున్నారు. వెనకటి రోజుల్లో ఆ భారమూ దర్శకుడిదే.

మన అమలాపురం నుంచి గౌతమి దాటి వెళ్తే కాకినాడ. ఆ ఊరి చిత్తజల్లు పుల్లయ్యగారిది అలాంటి చూపు. 1935లో పౌరాణికం 'శ్రీకృష్ణ తులాభారం'లో రేలంగిని తెరకు తెచ్చారు. 1936లో 'సతీ అనసూయ' అంతా చిన్నపిల్లలతోనే నడిపించారు. 1939లో సాంఘికం 'వరవిక్రయం' తీస్తూ, కట్నాల దురాచారానికి బలయ్యే కాళిందిగా భానుమతిని పరిచయం చేశారు. 1947లో జానపదం 'గొల్లభామ'కు కాకినాడ నాటకాల్లో ఆడిన అంజలీదేవిని తీసుకున్నారు.

ఆడపిల్ల సినిమాల్లో చేరితే నలుగురూ నాలుగు మాటలనే రోజులవి. నాయకుడు కౌగిలించుకునే ఘట్టాలుండరాదని భానుమతి తండ్రిగారు షరతు పెట్టారట. అంటే ముఖం నచ్చితే చాలదండీ, ఆ ఇంటివాళ్ల నమ్మకమూ సంపాదించాలి.

పిల్లను ఒకరింటికి పంపేముందు మనం ఎన్ని విచారిస్తాం! ఆ తల్లిదండ్రులూ అంతే. అందుకే ఈసారి పాత సినిమా చూసేటప్పుడు, తారలతోపాటు వాళ్లను వెతికి తెచ్చినవారినీ ఒక్కసారి తలుచుకోండి.