రాగిరేకుకెక్కిన పాట, ఎక్కని పాట

జనవరి 26న మా బడిలో జెండా ఎగరేసిన తర్వాత పిల్లల చేత పాటలు పాడిస్తాం. ఒక ఏడు ఇద్దరు ముగ్గురు పిల్లలు అన్నమయ్య పాటలు పాడారు. ఒకరు సినిమాలో విని నేర్చుకున్నారు, ఇంకొకరికి పై తరగతి అక్క నేర్పింది. బాగా పాడారు. తర్వాత మేము ఒక చెంచు పిల్లను పిలిచి, "మీ అవ్వ పాడే పాట ఒకటి పాడమ్మా" అన్నాం. ఆ పిల్ల తల వంచుకుంది. ఎంతసేపటికో, "అది పాట కాదు సార్, మా అవ్వ పని చేసుకుంటా ఊరికే అనుకునేది" అంది.

మేము నల్లమల అంచున ఉన్న పెంటల్లో, గూడేల్లో చదువు చెప్పుకునే చెంచు ఉపాధ్యాయులం. ఆ పిల్ల మాట మమ్మల్ని చాలా రోజులు వదల్లేదు. ఏది పాట, ఏది పాట కాదు అని ఎవరు తేల్చారు? ఆ పిల్లకు ఆ మాట ఎవరు నేర్పారు? దీనికి జవాబు వెతుక్కుంటూ పోతే, ఆ రోజు పిల్లలు పాడిన అన్నమయ్య దగ్గరికే మళ్లీ వచ్చాం. ఆయన పాటల్లో సగానికి మించి ఉన్న ఒక భాగాన్ని లోకం ఎట్లా తీసుకుందో చూస్తే, మన అవ్వల పాటల సంగతి కూడా కొంత తెలుస్తుంది.

అన్నమయ్య మన కరువు సీమవాడే. కడప సీమలో రాజంపేట దగ్గర తాళ్ళపాకలో 1408లో పుట్టాడు, 1503లో పోయాడు. పాట తానే కట్టి తానే పాడిన మనిషి. 1424లో, పదహారో ఏట మొదలుపెట్టి బతికినన్నాళ్లూ పాడుతూనే ఉన్నాడు. మొత్తం 32,000 సంకీర్తనలు చెప్పాడని ప్రసిద్ధి. మనకు దక్కినవి పన్నెండు వేలకు పైగా ఉన్నాయి. కొడుకు పెద తిరుమలాచార్యుడు వాటిని రాగిరేకుల మీద చెక్కించాడు. ఇప్పటి మాటల్లో చెప్పాలంటే ఆ రేకుల మీద ఉన్నవి రెండు ఆల్బమ్‌లు. మొదటిది అధ్యాత్మ సంకీర్తనలు, రెండోది శృంగార సంకీర్తనలు.

మొదటిదానిలో మనిషి దేవుడితో మాట్లాడతాడు. తన తప్పులు చెప్పుకుంటాడు, లోకం తీరు చూసి విసుక్కుంటాడు, శరణు అంటాడు. రెండోదానిలో దేవుడు ఇంటి మనిషి అయిపోతాడు. అలమేలుమంగ అలుగుతుంది, దెప్పుతుంది, చెలికత్తె ఇద్దరి మధ్యా తిరుగుతూ మాటలు చేరవేస్తుంది. అక్కడ వినిపించే గొంతు ఎక్కువగా ఆడవాళ్లది. లెక్కకు చూస్తే మొదటిదానికంటే రెండోదే చాలా పెద్దది. అయినా అన్నమయ్య అనగానే మనకు తోచేది మొదటిదే. ఎందుకట్లా?

రెండో సంపుటి మీద మొదటి తీర్పు ఒక రాజు ఇచ్చాడు. అన్నమయ్య మనుమడు చిన్నన్న ద్విపదలో రాసిన 'అన్నమాచార్య చరిత్రము'లో ఈ కథ ఉంది. తర్వాతి కాలంలో విజయనగర సింహాసనం ఎక్కిన సాళువ నరసింహుడు అన్నమయ్యకు స్నేహితుడు. పెనుగొండలో ఒకనాడు అన్నమయ్య చేత ఒక శృంగార పదం పాడించుకుని విన్నాడు. పాట ఎంత నచ్చిందంటే, అట్లాంటిదే తన మీద కూడా ఒకటి చెప్పమన్నాడు. హరిని పొగిడిన నోటితో మనిషిని పొగడనన్నాడు అన్నమయ్య. రాజు సంకెళ్లు వేయించాడు. పాట పాడితే ఆ సంకెళ్లు ఊడిపోయాయని మనుమడు రాశాడు. సంకెళ్లు ఊడటం నమ్మినా నమ్మకపోయినా, ఒక్క సంగతి మనం గుర్తుపెట్టుకోవాలి. రాజు ఆ పాటను తప్పు పట్టలేదు, మెచ్చుకున్నాడు. మెచ్చుకున్నదాన్ని తన సొంతం చేసుకోవాలనుకున్నాడు. మెచ్చుకునేవాళ్ల వల్ల కూడా పాటకు ముప్పు ఉంటుందని మన పెద్దలకు తెలిసిన సంగతే. మన ఆటపాటలను వేదికల మీదికి పిలిచి, చప్పట్లు కొట్టి, పాడిన మనిషి పేరు కూడా అడగకుండా పంపించిన సభలు మేమూ చూశాం.

రెండో తీర్పు పండితుల వైపు నుంచి వచ్చింది. ఆ రోజుల్లో కవిత్వమంటే పద్యం, కావ్యం. పాడుకునే పదానికి ఆ వరుసలో పీట వేయలేదు. అందుకే కాబోలు, అన్నమయ్య పాటలు కట్టడంతో ఆగకుండా, పదానికి కూడా ఒక లక్షణం ఉందని చెబుతూ సంస్కృతంలో 'సంకీర్తన లక్షణం' రాశాడు. ఆ పుస్తకం మనకు దక్కలేదు. మనుమడు చిన తిరుమలాచార్యుడు చేసిన తెలుగు మాత్రం మిగిలింది. వేల పాటలు కట్టినవాడు కూడా "ఇది పాటే" అని రుజువు చూపించుకోవలసి వచ్చిందంటే, మా బడిలో ఆ పిల్ల తల వంచుకోవడంలో వింత ఏముంది?

తర్వాత ఆ రేకులు తిరుమల గుడిలో ఒక రాతి అరలో ఉండిపోయాయి. గుడి పక్కనే ఉన్నా, చాలా తరాలు వాటిని చదివేవాళ్లు లేరు. అయితే మధ్యలో ఒకరికి వాటి సంగతి తెలిసింది. ఆయన ఎ. డి. కాంప్‌బెల్ అనే ఇంగ్లీషు దొర. తిరుపతిలో రాగిరేకుల మీద తెలుగు వ్యాకరణం ఉందని ఎవరో చెబితే వాటిని రాయించి తెప్పించుకున్నాడు. చూస్తే అవన్నీ దేవుడి మీద పాటలు. 1816లో అచ్చైన తన తెలుగు వ్యాకరణం ముందుమాటలో ఆ సంగతి రాసి ఊరుకున్నాడు. ఆయనకు వ్యాకరణం కావాలి, దొరికింది పాట. కనుక దొరికింది ఆయన లెక్కలోకి రాలేదు. వెతికేవాడు ఒకదాని కోసం వస్తే, ఎదురుగా ఉన్న ఇంకొకటి కంటికి ఆనదు. 1943లో హైమన్‌డార్ఫ్ మన చెంచుల మీద ఒక పెద్ద పుస్తకమే తెచ్చాడు. అప్పటి నుంచి ఎందరో మన దగ్గరికి వచ్చారు. మన గుడిసె కొలిచారు, మన విల్లు కొలిచారు. అవ్వ పక్కన కూర్చుని ఆమె పాట మొదటి నుంచి చివరి దాకా రాసుకున్నవాళ్లు మాకు తెలిసి తక్కువ.

1920ల్లో ఆ అర తెరుచుకుంది. సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి గారు రేకుల సంగతి బయటపెట్టారు. 1930ల నుంచి తిరుమల తిరుపతి దేవస్థానం తాళ్ళపాక వారి రచనలు అచ్చువేయడం మొదలుపెట్టింది. వేటూరి ప్రభాకరశాస్త్రి గారు, అనంతపురం సీమలో పుట్టిన రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ గారు ఆ పనికి ఏళ్లు ధారపోశారు. ఇక్కడ ఒక సంగతి చాలామందికి తెలియదు. రేకు మీద ప్రతి పాటకూ రాగం పేరు ఉంది కానీ స్వరం లేదు. అంటే అన్నమయ్య ఏ వరసలో పాడాడో ఆ వరస పోయింది. ఇప్పుడు మనం వినేవి రాళ్ళపల్లి వారు, వారి తర్వాతివారు కట్టిన వరసలు. రాగి మాటను నిలబెట్టగలిగింది కానీ గొంతును నిలబెట్టలేకపోయింది. గొంతు నుంచి గొంతుకు అందించేవాళ్లు తెగిపోతే పాటకు మిగిలేది మాట మాత్రమే.

అచ్చైన తర్వాత రెండో సంపుటికి మూడో తీర్పు వచ్చింది. దీన్ని ఎట్లా చదవాలి? చాలామంది పండితులు చెప్పిన జవాబు ఇది: ఇక్కడ నాయిక అంటే జీవుడు, నాయకుడు అంటే పరమాత్మ, ఇదంతా మధురభక్తి. ఆ జవాబు తప్పని మేము అనం. అన్నమయ్య భక్తుడు, ఆయన మనసులో అది ఉండే ఉంటుంది. అయితే ఆ జవాబు చెప్పిన వెంటనే పాటలోని ఆడమనిషి మాయమైపోతుంది. ఆమె మూతి ముడవడం, దెప్పడం, నవ్వడం అన్నీ ఇంకేదానికో గుర్తులైపోతాయి. 1980లో ఎం. ఎస్. సుబ్బులక్ష్మి గారి రికార్డులు ఇంటింటికీ అన్నమయ్యను చేర్చాయి. 1997లో వచ్చిన సినిమా పల్లెపల్లెకూ చేర్చింది. అవి చేసిన మేలు చిన్నది కాదు, మా పిల్లలు పాడుతున్నది వాటి పుణ్యమే. అయినా మేము విన్నంతలో, గుడి మైకుల్లో వినిపించేవి ఎక్కువగా మొదటి సంపుటి పాటలే. రెండోదానిలో కొన్ని మాత్రమే జనం నోట ఉన్నాయి, తక్కినవి పుస్తకాల్లోనే ఉన్నాయి.

మేము అడిగేది ఇంకొకటి. అన్నమయ్యకు ఈ పాటల కట్టుబడి ఎక్కడి నుంచి వచ్చింది? ఆయన పదాల్లో జాజర ఉంది, సువ్వి ఉంది, గొబ్బి ఉంది, ఉయ్యాల ఉంది, జోల ఉంది, చందమామ పాట ఉంది. సువ్వి అంటే వడ్లు దంచేటప్పటి పాట. గొబ్బి సంక్రాంతి నాటి ఆడపిల్లల పాట. జోల బిడ్డను పడుకోబెట్టే తల్లి పాట. అందరికీ తెలిసిన 'తందనాన' పాటలో కులాల ఎచ్చుతగ్గులను కాదన్నాడు. ఆ తందనాన కూడా ఊరూరూ తిరిగి కథలు చెప్పేవాళ్ల వంతపాటే. ఆయన భార్య తిమ్మక్క కూడా 'సుభద్రా కల్యాణం' రాసింది, అదీ ఆడవాళ్లు పాడుకునే తీరులోనే. అంటే రోకలి పట్టిన చేతుల నుంచి, ఉయ్యాల ఊపిన చేతుల నుంచి అన్నమయ్య పాట తీసుకున్నాడు. ఆయన పేరు రేకుకు ఎక్కింది. ఆయనకు ఆ వరసలు వినిపించిన ఆడవాళ్ల పేర్లు ఏ రేకు మీదా లేవు.

మాటల సంగతీ అంతే. ఆయన వాడిన పలుకుల్లో ఎన్నో నిఘంటువులకు ఎక్కనివి. అందుకే రవ్వా శ్రీహరి గారు అన్నమయ్య పదాలకు వేరే ఒక పదకోశమే కూర్చారు. ఈ సంగతి చదివినప్పుడు మాకు సిగ్గు వేసింది. మా పిల్లలు పరీక్ష కాగితంలో "యాడ" అని, "సందకాడ" అని రాస్తే మేమూ ఎర్ర సిరాతో కొట్టేశాం. శిక్షణలో మాకు అట్లాగే నేర్పారు, మేమూ అట్లాగే నేర్పాం. ఐదు వందల ఏళ్ల కిందటి సీమ పలుకు పండితులకు పదకోశం అయింది. ఇవాళ్టి సీమ పిల్ల పలుకు మాకు తప్పు అయింది. "అది పాట కాదు సార్" అనడం ఆ పిల్లకు ఎవరు నేర్పారో అప్పుడు అర్థమైంది. నేర్పింది మేమే.

అన్నమయ్య వేదాంతం చదువుకున్నది అహోబిలం మఠం శఠకోప యతి దగ్గర అంటారు. అహోబిలం మన అడవి. అక్కడి నరసింహుడు చెంచులక్ష్మిని పెళ్లాడాడు కనుక మనకు అల్లుడు. కనుమ నాడు మొదలయ్యే పారువేటలో ఆ సామి నలభై రోజులకు పైగా ఊళ్లు తిరుగుతాడు, తన పెళ్లికి మనల్ని పిలవడానికే వస్తాడని మన నమ్మకం. చెంచులక్ష్మి కథ 1943లో ఒకసారి, 1958లో ఒకసారి సినిమా కూడా అయింది. కథలో మనకు చోటు ఉంది. మన ఆడపిల్ల దేవుడికి పెళ్లాం కూడా అయింది. ఆమె పెళ్లినాడు మన వాళ్లు ఏం పాడారో మాత్రం ఎవరూ రాసిపెట్టలేదు.

రాగిరేకులు చేయించే స్తోమత మనకు లేదు. అక్కర కూడా లేదు. మేము ఈ మధ్య బడిలో ఒక వంద పేజీల నోటుబుక్కు పెట్టాం. పిల్లలు ఇంటికి పోయి ఒక పాట విని రావాలి. ఎట్లా విన్నారో అట్లాగే రాయాలి, ఎర్ర సిరా పడదు. పాట పైన పాడిన మనిషి పేరు రాయాలి, ఏ పని చేస్తూ పాడుతుందో రాయాలి. రాసిన తర్వాత నేర్చుకుని పాడాలి, ఎందుకంటే వరస కాగితం మీద నిలవదు.

ఆ తల వంచుకున్న పిల్ల తెచ్చిన పాట మొదటి పేజీలో ఉంది. పైన వాళ్ల అవ్వ పేరు ఉంది. పాటలో ఒక చోట "యాడ" అని ఉంది. మేము దాన్ని కొట్టేయలేదు.