మిక్కిలినేని: చిన్న వేషములు, పెద్ద పని



మన శావల్యాపురం ప్రాంతములో ‘మాయాబజార్’ చిత్రమును చూడనివారు అరుదు. 1957లో విజయా సంస్థవారు కె.వి. రెడ్డిగారి దర్శకత్వములో తీసిన ఆ చిత్రము పేరెత్తగానే ఘటోత్కచుడైన ఎస్.వి. రంగారావుగారు, కృష్ణుడైన రామారావుగారు, శశిరేఖయైన సావిత్రిగారు మన కండ్ల ముందు నిలుతురు. అందులో కర్ణుడెవరని అడిగితే మాత్రము పెద్దవారు కూడా కొంచెము ఆలోచించవలసియున్నది. ఆ కర్ణుడు మిక్కిలినేని రాధాకృష్ణమూర్తిగారు.

ఆయన మనకు పరాయివారు కారు. 2022లో పల్నాడు వేరు జిల్లా కాకముందు మన ఊరును, కృష్ణ ఒడ్డునున్న ఆయన స్వగ్రామము లింగాయపాలెమును ఒకే గుంటూరు జిల్లాలో ఉండేవి. అదే చిత్రములో దుర్యోధనుడైన ముక్కామలగారిది మన గురజాల. శాస్త్రి వేషము వేసిన వంగర వెంకట సుబ్బయ్యగారిది తెనాలి దగ్గరి సంగం జాగర్లమూడి. ఒక్క చిత్రములోనే మన పాత జిల్లావారు ఇందరున్నారు.

భారతములో కర్ణుడు మహావీరుడే గాని, ‘మాయాబజార్’ కథ శశిరేఖ పెండ్లి కథ. పాండవులు ఒక్కసారియైనా తెరమీదకు రారు. కర్ణునికి దుర్యోధనుని ప్రక్కన నిలుచుండుటే ముఖ్యమైన పని. అయినను ఆ నిలుచుండుటలో రాజసము లేనియెడల కౌరవసభ సభగా కనిపించదు. చిన్న వేషమంటే ఇదే. ఉన్నప్పుడు ఎవరును గమనించరు, లేకున్న లోటు అందరికిని తెలియును.

మిక్కిలినేనిగారు సినిమాకు ముందు నాటకరంగము మనిషి. కపిలవాయి రామనాథశాస్త్రిగారి శిష్యరికములో పద్యనాటకము నేర్చినారు. 1943లో ఏర్పడిన ప్రజానాట్యమండలిలో చేరి ఊరూరా నాటకములాడినారు. ఆ దినములలో సంసారి స్త్రీ ముఖానికి రంగు పూసికొనుట తప్పుగా ఎంచబడేది. అయినను ఆయన భార్య సీతారత్నముగారు కూడా మండలి నాటకములలో వేషము వేసినారు. తరువాత ప్రభుత్వ నిర్బంధము వలన మండలివారు చెల్లాచెదురై, కొందరు మద్రాసు చేరి చిత్రములలో ప్రవేశించినారు. మండలి పెద్దలలో ఒకరైన గరికపాటి రాజారావుగారు 1953లో ‘పుట్టిల్లు’ చిత్రము తీసినారు. మిక్కిలినేనిగారు 1951నాటి ‘దీక్ష’ చిత్రముతో తెరకెక్కినారు. అటుపిమ్మట ఆయన నటించిన చిత్రములు 400కు పైగా ఉన్నవి. వాటిలో చాలామట్టుకు రాజులు, మంత్రులు, తండ్రులు, ఊరిపెద్దలు వంటి వేషములే.

ఇంతమట్టుకే అయితే మేము ఈ వ్యాసము వ్రాయకపోదుము. ఆయన చేసిన పెద్ద పని కలముతో చేసినది. సినిమా నటుని ముఖము ఫిల్ముమీద మిగులును. పద్యనాటకము ఆడినవానికి ఏమి మిగులును? తెల్లవారుజాము వరకు పాడి, దీపములార్పి, రంగు కడుగుకొనిన తరువాత ఆయన కళ విన్నవారి జ్ఞాపకములో మాత్రమే ఉండును. విన్నవారు కూడా గతించితే పేరు సైతము పోవును. మిక్కిలినేనిగారు ఈ సంగతి గ్రహించి, తనకు ముందటివారి, తనతోటివారి జీవితములను సేకరించి ‘నటరత్నాలు’ వ్రాసినారు. బుర్రకథ, తోలుబొమ్మలాట, వీధిభాగవతము మొదలగు కళలను గూర్చి వ్రాసిన ‘తెలుగువారి జానపద కళారూపాలు’ గ్రంథమును 1992లో తెలుగు విశ్వవిద్యాలయము ప్రచురించినది. తెరమీద తనకు దక్కిన చోటు చిన్నదైనా, పుస్తకములో ఇతరులకు ఆయన ఇచ్చిన చోటు పెద్దది. 2011 ఫిబ్రవరి 22న విజయవాడలో, తొంబదియేండ్లు దాటిన వయస్సులో కన్నుమూసినారు.

మన పల్నాటిలో ఈ పని ఎంత అవసరమో చెప్పనక్కరలేదు. కారెంపూడిలో పల్నాటి వీరుల కథను తరతరములుగా నోటితో నిలిపినవారు వీరవిద్యావంతులు. వారిలో మాలపల్లెలవారే ముఖ్యులు. కథలోని బ్రహ్మనాయుడు, బాలచంద్రుడు అందరికిని తెలిసినవారే. ఆ కథను పాడి మనకు అందించినవారి పేర్లు ఎందరికి తెలియును?

శతవార్షికోత్సవ సంచికలలో అధ్యక్షుల పేర్లు, గురువుల పేర్లు తప్పక అచ్చగును. క్రిస్మసు నాటకములో గొల్లవాని వేషము వేసినవారు, హార్మోనియము వాయించినవారు, గంట కొట్టినవారు, పెట్రోమాక్సు దీపము మోసినవారు కూడా సంఘచరిత్రలోనివారే. కనుక సంఘస్థులందరికిని మా మనవి యేమనగా, మీ యింటి పెద్దలు ఇంకను మాటలాడగలిగియున్నప్పుడే వారిని అడిగి, ఏ వేషము ఎవరు వేసిరో, ఏ యేట వేసిరో ఒక నోటుపుస్తకములో వ్రాసి ఉంచుడి. మిక్కిలినేనిగారు మొదలుపెట్టినది కూడా ఇట్లు అడిగి వ్రాసికొనుటతోనే.